ఆ రోజు కదలని లిఫ్టుని

స్టాక్‌హోమ్‌లో ఒక ఆఫీసు భవనంలో లిఫ్టుని నేను. స్టీగ్ లార్సన్ గురించి ఎవరు రాసినా నా పేరూ వస్తుంది, చివరి పేరాలో. 2004 నవంబరు 9న నేను పనిచేయలేదు. ఆయన ఏడంతస్తులూ మెట్లెక్కి వెళ్లారు, గుండెపోటుతో పోయారు. యాభై ఏళ్లు. ఆ సిగరెట్లనూ, కప్పుల కొద్దీ కాఫీనీ, నిద్రలేని రాత్రులనూ ఎవరూ నిలదీయరు. అనేది నన్నే.

ఇప్పుడు లోకానికి ఆయన లిస్బెత్ సాలండర్‌ను సృష్టించిన నవలాకారుడు. నాలో ఎక్కి దిగినవాళ్లకు మాత్రం 'ఎక్స్‌పో' పత్రిక మనిషి.

పుట్టింది 1954లో, ఉత్తరాన వేస్టర్‌బాటెన్ ప్రాంతంలో. చిన్నప్పుడు తాతగారి దగ్గర పెరిగారు. ఆ తాత కమ్యూనిస్టు. నాజీలను వ్యతిరేకించినందుకు యుద్ధకాలంలో స్వీడన్ ప్రభుత్వమే ఆయన్ను శిబిరంలో పెట్టింది. తటస్థ దేశమని పేరే గానీ, ఆ రోజులు అలాంటివి! లార్సన్ పన్నెండో పుట్టినరోజుకి తల్లిదండ్రులు టైప్‌రైటర్ కొనిచ్చారు. రాత్రిళ్లు దాని టకటకకు ఇంట్లోవాళ్లకు నిద్ర కరువై, కుర్రాణ్ణీ యంత్రాన్నీ కలిపి నేలమాళిగకు పంపేశారు. సాటి యంత్రంగా నాకు ఆ కథ భలే ఇష్టం.

తర్వాత టీటీ వార్తాసంస్థలో ఇరవై ఏళ్ల ఉద్యోగం. అక్కడ పని గ్రాఫిక్స్ గీయడం. అసలు పని ఇంటికెళ్లాక. నియో-నాజీ ముఠాల్లో ఎవరెవరున్నారు, డబ్బెక్కడిది, ఎవరితో ఎవరికి చుట్టరికం అని కూపీ లాగడం. లండన్ పత్రిక 'సెర్చ్‌లైట్'కి రాసేవారు. 1991లో అన్నా-లేనా లోదేనియస్‌తో కలిసి తీవ్ర మితవాదం మీద పుస్తకం తెచ్చారు. 1995లో మిత్రులతో 'ఎక్స్‌పో' మొదలుపెట్టారు. మరుసటేడు దాన్ని అచ్చువేసేవాళ్ల మీదా, అమ్మేవాళ్ల మీదా దాడులు, బెదిరింపులు. అప్పుడు 'ఆఫ్టన్‌బ్లాదెట్', 'ఎక్స్‌ప్రెసెన్' అనే రెండు పెద్ద దినపత్రికలు పోటీ పక్కనపెట్టి, ఎక్స్‌పో సంచికను తమ పత్రికలతో కలిపి పంచాయి. పత్రికల వాళ్లలో అంత ఐకమత్యం అరుదు.

1999లో బ్యోర్న్ సోదర్‌బెర్గ్ అనే కార్మిక నాయకుణ్ణి నియో-నాజీలు ఆయన ఇంటి దగ్గరే కాల్చి చంపారు. మరుసటేడు, బెదిరింపులొచ్చే విలేకరులు ఎలా జాగ్రత్తపడాలో లార్సన్ ఒక కరదీపిక రాశారు. ఆ జాగ్రత్తకు సొంతిల్లే మూల్యం చెల్లించింది. పెళ్లి చేసుకుంటే చిరునామా బయటపడుతుందని, ముప్పై ఏళ్లు కలిసి బతికిన ఈవా గాబ్రియెల్సన్‌ను ఆయన పెళ్లాడలేదు. ఈవా చెప్పే కారణం ఇదే. చెల్లుబాటయ్యే వీలునామా లేదు. సహజీవనం చేసినవాళ్లకు అక్కడి చట్టం వారసత్వం ఇవ్వదు. ఆస్తి తండ్రికీ తమ్ముడికీ వెళ్లింది.

అప్పటికి ఆ ఆస్తి ఏపాటిదని! అలసట తీరడానికి రాత్రిళ్లు రాసుకున్న మూడు నవలలు ప్రచురణకర్త దగ్గరున్నాయి. 2005 నుంచి ఒక్కొక్కటే వచ్చాయి. ఆ వరుస ఎనిమిది కోట్ల ప్రతులు దాటింది.

2001లో మికాయెల్ ఎక్మన్‌తో కలిసి ఆయన తీవ్ర మితవాద స్వీడన్ డెమొక్రాట్స్ పార్టీ మీద ఒక పుస్తకం రాశారు. అప్పుడు ఆ పార్టీకి పార్లమెంటులో ఒక్క సీటూ లేదు. 2010లో 20 సీట్లతో లోపలికొచ్చింది. ఎనిమిది కోట్ల లెక్కలో ఆ పుస్తకం లేదు.