నీలి గుమ్మటం లేని గ్రీసు

గ్రీసు అనగానే మనవాళ్ల కళ్లకు ఒక్కటే కనిపిస్తుంది: తెల్లగోడలు, నీలి గుమ్మటం, దాని ముందు గౌను గాలికి ఎగరేసుకుంటూ నిలబడ్డ కాబోయే పెళ్లికూతురు. అది శాంటోరిని. సినిమా పాటలూ, ప్రీ వెడ్డింగ్ షూట్లూ కలిసి దేశం మొత్తాన్నీ ఆ ఒక్క దీవిలో కుక్కేశాయి. అందుకే "ఈసారి లాంగ్ వీకెండ్‌కి థెస్సలొనీకి పోదాం" అని మ్యూనిక్‌లోని మా ఇంట్లో నేను ప్రకటించగానే మా ఆవిడ అడిగిన మొదటి ప్రశ్న, "అక్కడ నీలి గుమ్మటాలున్నాయా?"

లేవన్నాను.

"మరి గ్రీసుకి వెళ్లొచ్చామంటే ఎవరు నమ్ముతారండీ?"

ఏథెన్స్ తర్వాత గ్రీసులో పెద్ద ఊరు అదేననీ, విమానంలో రెండు గంటల ప్రయాణమేననీ, నడివీధి నుంచి తిన్నగా నడిస్తే సముద్రం తగులుతుందనీ, ఆకాశం తేటగా ఉన్న రోజున గట్టు మీద నిలబడితే అఖాతానికి అవతల గ్రీకు దేవతలు కాపురమున్న ఒలింపస్ పర్వతం కనిపిస్తుందనీ చెప్పుకొచ్చాను. దేవతల కొండ మాట విని, మా దగ్గరికి మూడు నెలల వీసా మీద వచ్చిన మా అత్తగారు కాస్త మెత్తబడ్డారు. ఆవిడ వెంటనే తెనాలిలో ఎదురింటి టీచరమ్మకు ఫోన్ కలిపారు.

"ఆ ఊరు తెలియకపోవడమేమిటి! పౌలు గారు పత్రికలు రాసింది ఆ థెస్సలొనీకయులకే కదా!" అన్నారావిడ.

జర్మనీలో ఉంటున్న మాలో సగంమందికి తెలియని ఊరు, తెనాలిలో ప్రతి ఆదివారం చర్చిలో వినిపిస్తూనే ఉందన్నమాట. చూడబోతే చిన్న ట్రిప్పులో కూడా పౌలు గారే మాకు సీనియరు. బైబిల్లో ఉన్న ప్రకారం ఆయన అక్కడి సమాజమందిరంలో మూడు విశ్రాంతి దినాలు తర్కించాడు. ఊళ్లో అల్లరి రేగితే శిష్యులు ఆయన్ను రాత్రికి రాత్రే బెరయకు పంపించేశారు. ఆయన బోధించిన చోటు చూసి ఫొటో పంపాలని టీచరమ్మ కోరిక. లిస్టులో మొదటి పేరు ఎక్కింది.

ఆ ఊరి కథ విన్నాక మా ఆవిడకు కొంచెం కోపమొచ్చింది. ఈ ఊరిని క్రీ.పూ. 315 ప్రాంతంలో కట్టినవాడు కసాండర్. దానికి తన భార్య పేరు పెట్టాడు. ఆవిడ అలెగ్జాండర్‌కి సవతి చెల్లెలు.

"ఆయన పెళ్లాం పేరు మీద ఊరే కట్టాడు. మీరు కూకట్‌పల్లి ఫ్లాట్ కూడా మీ ఒక్కరి పేరు మీదే రాయించుకున్నారు" అంది.

ఆ కసాండరే పెళ్లికి ముందు, వరసకు అత్తగారయ్యే ఒలింపియాస్‌ని, అంటే అలెగ్జాండర్ కన్నతల్లిని చంపించాడన్న సంగతి నాకు తెలుసు. అత్తగారు ఎదురుగా కూర్చుని చిక్కుడుకాయలు వలుస్తుండటం వల్ల చరిత్రను అసంపూర్తిగానే వదిలేశాను.

ఇంతలో హైదరాబాదు నుంచి మా బావమరిది రంగంలోకి దిగాడు. వాడు గ్రీసు వెళ్లలేదు, కానీ యూట్యూబులో దాన్ని క్షుణ్ణంగా చదివాడు. "బావా, నువ్వు టెన్షన్ పడకు" అని ఒక ఎక్సెల్ షీటు పంపాడు. పొద్దున ఆరింటికి వైట్ టవర్. ఆరుంబావుకి రోమన్ చక్రవర్తి గలేరియస్ తోరణం, ఆరున్నరకి రొటుండా. ఆ తర్వాత 1988లో యునెస్కో జాబితాకెక్కిన పదిహేను కట్టడాల్లో మిగిలినవన్నీ వరసగా. తర్వాత 1881లో అటాటుర్క్ పుట్టిన ఇల్లు. మధ్యాహ్నం పన్నెండున్నర నుంచి పన్నెండూ యాభై ఐదు దాకా భోజనం. పిమ్మట కొండమీది యెడి కులే కోట. 1989 దాకా అది జైలు. మర్నాడు అలెగ్జాండర్ తండ్రి ఫిలిప్ సమాధి ఉన్న వెర్గినా, సాయంత్రానికి మెటియోరా కొండల మీది మఠాలు. చివరి రోజు ఖాల్కిడికి. అది సముద్రంలోకి మూడు వేళ్లు చాపిన చెయ్యిలా ఉంటుంది కనుక మూడు వేళ్లూ చూడాలట. మూడో వేలు మీద ఉన్నది ఏథోస్ పర్వతం. అక్కడి సన్యాసుల మఠాల్లోకి ఆడవాళ్లకు ప్రవేశం లేదు. అది చదివి మా ఆవిడ తమ్ముడికి ఫోన్ చేసింది. ఆ వేలు షీటులోంచి మాయమైంది.

షీటును మా ఆఫీసులోని గ్రీకాయనకు చూపించాను. ఆయనది ఆ ఊరే. పన్నెండున్నర భోజనం దగ్గర ఆగిపోయి, "ఆ టైముకి మేం ఇంకా పొద్దుటి కాఫీ మీదే ఉంటాం" అన్నాడు. రాత్రి తొమ్మిది లోపల భోజనానికి వెళ్తే వెయిటరు మనల్ని చూసి జాలిపడతాడట. ఎండాకాలం మధ్యాహ్నాలు చప్పుడు చెయ్యకూడదని అక్కడ ఏకంగా నిబంధనే ఉంది. ఆదివారం చాలా దుకాణాలు మూసే ఉంటాయి. ఆయన చెప్పిన లెక్కన చూస్తే, మా బావమరిది షీటులో సగం ఆ ఊరివాళ్లు నిద్రపోయే వేళల్లోనే ఉంది.

కాఫీ గురించి ఆయన గర్వపడటంలో అన్యాయం లేదు. 1957లో ఆ ఊరి అంతర్జాతీయ వాణిజ్య ప్రదర్శనలో దిమిత్రిస్ వాకొందియోస్ అనే ఉద్యోగి, వేణ్నీళ్లు దొరక్క ఇన్‌స్టంట్ కాఫీ పొడిలో చన్నీళ్లు పోసి గిలక్కొట్టాడు. అదే ఫ్రాపే అయి దేశమంతా పాకింది. ఒక్క గ్లాసు ముందు పెట్టుకుని గ్రీకులు గంటలకొద్దీ కూర్చోగలరు. అదే కాఫీ మా అత్తగారైతే నిలబడే తాగేసి గ్లాసు కడిగి బోర్లించి వస్తారు.

చిన్న ట్రిప్పుకి లిస్టు రాయడం చిటికెలో పని. కొట్టెయ్యడం దగ్గరే వస్తుంది చిక్కంతా, ఎందుకంటే లిస్టులో ప్రతి పేరు వెనకా ఒక చుట్టం కాపలా కాస్తుంటాడు. వెర్గినా మీద గీత పెడితే బావమరిది అలుగుతాడు. చర్చి మీద పెడితే తెనాలిలో ఎదురిల్లు అలుగుతుంది. అరిస్టాటిల్ కూడలిలోని విగ్రహం మీద గీత పెడదామంటే మా అబ్బాయి ఏడుపు మొహం పెట్టాడు. ఆ విగ్రహం కాలి బొటనవేలు రుద్దితే పరీక్షల్లో కలిసొస్తుందని అక్కడి విద్యార్థుల నమ్మకం. రుద్దీ రుద్దీ ఆ వేలొక్కటి మెరిసిపోతూ ఉంటుంది. తర్కశాస్త్రానికి తండ్రి లాంటివాడి కాలివేలు పట్టుకుని లెక్కలు పాసవ్వాలనుకోవడం ఏ తర్కమని అడిగితే, "చదవడం కంటే తేలిక కదా నాన్నా" అన్నాడు. ఇంత శుద్ధమైన తర్కం అరిస్టాటిల్ విన్నా కాదనడు.

ఏదీ కొట్టెయ్యలేని ఈ కష్టం ఏమిటో ఆ ఊరికే బాగా తెలుసు. అక్కడ మెట్రో పనులు 2006లో మొదలయ్యాయి. ఎక్కడ గునపం వేసినా ఒక రోమన్ వీధో, ఒక సమాధో, ఒక పాలరాతి ముక్కో బయటపడేది. తీసేద్దామంటే పురావస్తు శాస్త్రవేత్తలు, ఉంచేద్దామంటే ఇంజనీర్లు ఒప్పుకునేవారు కారు. కోర్టులకెక్కారు. మెట్రో వస్తుందనడం ఆ ఊళ్లో చాలాకాలం జోకుగా చెలామణి అయింది. చివరికి 2024 నవంబరు 30న డ్రైవరు లేని రైలు కదిలింది. వెనిజెలూ స్టేషన్లో ఇప్పుడు ఆ పాత రోమన్ వీధిని చూస్తూ రైలెక్కవచ్చు. మా షీటులోనూ అంతే, ఎక్కడ ఓ గంట ఖాళీ తవ్వినా అడుగున ఒక చుట్టం తేలుతున్నాడు.

తిండి విషయంలో ఎవరికీ పేచీ ఉండదనుకున్నాను. పొద్దున్నే వెన్న కాగిన పొరల మధ్య తియ్యటి క్రీము పెట్టి, మీద చక్కెర పొడీ దాల్చినచెక్కా చల్లే బుగాచ్చా, వీధిలో అమ్మే నువ్వుల కులూరి, ఇవి మా అందరికీ నచ్చేవే. మా అత్తగారు శాకాహారి. గ్రీకు సనాతన క్రైస్తవులకు ఉపవాస దినాలు బోలెడనీ, ఆ రోజుల్లో మాంసం, పాలు, గుడ్లు ముట్టరనీ, హోటల్లో ఉపవాస వంటలేవని అడిగితే చాలనీ ధైర్యం చెప్పాను. గ్రీకాయన ఆ ధైర్యం మీద నీళ్లు పోశాడు. రక్తం లేని జీవాలనే లెక్కన ఆలిచిప్పలు, రొయ్యలు, ఆక్టోపస్ ఉపవాసంలో చెల్లుతాయట.

"ఆక్టోపస్ తిని ఉపవాసమా!" అని అత్తగారు అప్పటికప్పుడు గోంగూర పచ్చడి సీసా బయటికి తీశారు. చెక్-ఇన్ బ్యాగేజీకి వేరే డబ్బులు కట్టాలి. కట్టాం.

చివరికి షీటును దారిలో పెట్టిందీ ఆవిడే. ఒక రాత్రి కళ్లజోడు పెట్టుకుని దాన్నంతా చదివి, "ఊరు చూడ్డానికి వెళ్తూ ఊళ్లో ఉండకపోతే ఎలా బాబూ?" అన్నారు. ఊరు దాటించేవీ, పరుగులు పెట్టించేవీ అన్నీ వరసగా కొట్టేశారు. పెద్దావిడ పెట్టిన గీత కాబట్టి ఎవరూ అలగలేదు. మిగిలినవి ఇవి: టీచరమ్మ కోసం పాత చర్చిలు, మావాడి కోసం బొటనవేలు, మా ఆవిడ కోసం సముద్రపు గట్టున జొంగోలోపులోస్ నిలబెట్టిన గొడుగుల శిల్పం. నీలి గుమ్మటానికి బదులు ఫొటోలో అవి చాలునంది. మధ్యాహ్నాలన్నీ ఖాళీ.

టికెట్లు కొన్నాక బావమరిది మెసేజ్ పెట్టాడు: "బావా, అంత దూరం ఎలాగూ వెళ్తున్నారుగా, ఇస్తాంబుల్ పక్కనే!"

జీవితమంతా వీసాలను తిట్టుకున్నవాణ్ని, మొదటిసారి ఒక వీసా నన్ను కాపాడింది. అత్తగారిది సింగిల్ ఎంట్రీ. తుర్కీలో కాలు పెడితే ఆవిడ మళ్లీ మా ఇంటికి రాలేరు. ఈ సంగతి ఇంట్లో చెప్పేటప్పుడు మొహం వీలైనంత దిగులుగా పెట్టాను.

అత్తగారు పచ్చడి సీసా మూత బిగిస్తూ నావైపు ఓ చూపు చూశారు. "ఇస్తాంబుల్ టికెట్లు ఎంతున్నాయో చూళ్లేదు కదా బాబూ?"