మేరీ వేషం

గుణదల కొండ కింద మా పిన్నికి జాకెట్లు కుట్టే కొట్టుంది. శ్రావణం వస్తే ఇక ఊపిరాడదు. పెళ్ళి జాకెట్లు, లైనింగులు, మగ్గం వర్కువి గుట్టలు పడి ఉంటాయి. అలాంటి శుక్రవారం నాడు, హుక్కులూ కాజాలూ కుట్టే అమ్మాయి పన్నెండింటికి వచ్చింది. కాళ్ళకి పసుపు, చేతికి తోరం.

"వరలక్ష్మీవ్రతం ఆంటీ. రాత్రే మెసేజ్ పెట్టాను."

"నేను చూళ్ళేదు" అంది పిన్ని ముఖం గంటు పెట్టుకుని.

ఇంకో నాలుగు అనేదే. ఇంతలో గోడమీది టీవీలో 'మిస్సమ్మ' మొదలైంది. సావిత్రి కనబడగానే పిన్ని మెత్తబడింది.

"మన బెజవాడలో పెరిగిన పిల్ల. డాన్సు నేర్చింది ఇక్కడే. మేరీ వేషం దొరికిందంటే మరియమ్మ తల్లి చలవే!" అంటూ కొండమీది మరియమ్మ గుడివైపు దణ్ణం పెట్టుకుంది.

"కాదు పిన్నీ, వరలక్ష్మీదేవి చలవ" అన్నాను. ఊరుకోవచ్చు, ఊరుకోలేదు.

మేరీగా విజయా వారు ముందు పెట్టుకున్నది భానుమతిని. నాలుగు రీళ్ళు తీశారు కూడా. సావిత్రిది రెండో వేషం. 1950లో 'సంసారం'లో నాగేశ్వరరావు పక్కన అవకాశం వచ్చి, తడబాటుతో పోగొట్టుకుందామె. మరుసటేడు 'పాతాళభైరవి'లో ఒక్క పాటకి ఆడింది. 1953లో 'దేవదాసు' పార్వతిగా పేరొచ్చినా, భానుమతి ఉన్నచోట ఇంకా రెండోదే.

ఒకరోజు భానుమతి ఇంట్లో వరలక్ష్మీ పూజ చేసుకుని సెట్టుకి ఆలస్యంగా వచ్చింది. ముందే చీటీ రాసి పంపిందట, అది నిర్మాత చక్రపాణిదాకా చేరలేదు. ఆయనదేమో తెనాలి, మాట కటువు. క్షమాపణ రాసిమ్మన్నాడు. భానుమతి రాసిచ్చే మనిషేనా! తీసిన రీళ్ళన్నీ ఆవిడ కళ్ళముందే తగలబెట్టించాడని సినిమావాళ్ళు చెప్పుకుంటారు. మేరీ వేషం సావిత్రికి, సావిత్రి వేషం జమునకి వెళ్ళాయి. 1955 జనవరి 12న సినిమా విడుదలైంది. అక్కణ్ణుంచి సావిత్రి వెనక్కి చూడలేదు. రెండేళ్ళకి 'మాయాబజార్', 1968కల్లా 'చిన్నారి పాపలు'తో దర్శకత్వం. 1981 డిసెంబరు 26న ఎలా పోయిందో తలుచుకుంటే మాత్రం ఇప్పటికీ మనసు చివుక్కుమంటుంది.

నాకు ముచ్చటేసేది ఒకటే. హిందువుల పిల్లగా నటించడానికి గింజుకునే మేరీ వేషం, ఒకావిడ నోము నోచుకోబట్టి ఇంకొకావిడకి దక్కింది. పైగా కథలో ఆ మేరీ చివరికి తప్పిపోయిన మహాలక్ష్మి అని తేలుతుంది. ఇదంతా పిన్నికి ఎంత రసవత్తరంగా చెప్పానో నాకే తెలుసు.

పిన్ని చెవికెక్కింది మాత్రం ఒక్క ముక్కే. అమ్మాయి వైపు తిరిగింది.

"విన్నావుటే? ఆలస్యంగా వస్తే అంత భానుమతినే తీసి పారేశారు. చక్రపాణి గారు మంచి పని చేశారు!"

ఆ అమ్మాయి సూదిలో దారం ఎక్కిస్తూ, తలెత్తకుండానే అంది:

"ఆయన గుమ్మంలో సావిత్రి ఉంది కాబట్టి తీసేశాడాంటీ. జాకెట్టుకి పది రూపాయలకి మీ గుమ్మంలో ఎవరున్నారు?"