తమను తామే తీసేసుకున్న 48 వేలమంది

మనిషిని ఉద్యోగంలోంచి తీసెయ్యడం ఇంత సులువని 2019 అక్టోబరు దాకా ఎవరికీ తట్టలేదు. 5వ తేదీన ఆర్టీసీ సమ్మె మొదలైంది. ఆ సాయంత్రం ఆరింటికల్లా డ్యూటీలో చేరనివాళ్ళు ‘సెల్ఫ్ డిస్మిస్’ అయిపోయారని తెలంగాణ ముఖ్యమంత్రి కేసీఆర్ తేల్చేశారు. సంస్థలో ఇక మిగిలింది 1,200 మందేనట. అంటే దాదాపు 48 వేలమంది డ్రైవర్లు, కండక్టర్లు, మెకానిక్కులు కూడబలుక్కుని, గడియారం చూసుకుని, ఎవరి ఉద్యోగం వారే ఊడబెరుక్కున్నారన్నమాట. పాపం, ప్రభుత్వం చేసిందేమీ లేదు.

కిటుకంతా ఇక్కడే ఉంది. తీసేసినవాడు లేడు కనక నోటీసివ్వాల్సినవాడూ లేడు. అభియోగం లేదు, విచారణాధికారి లేడు, ఆర్డరు మీద సంతకం లేదు. అప్పీలు చేసుకోవాలంటే ఎవరికి? మిమ్మల్ని తీసేసిన అధికారికి పైవాడికి. తీసుకున్నది మీరే కదా, ఇక మీ పైవాడెవరో మీరే వెతుక్కోండి.

అదే ఆర్టీసీలో ఒక్క కండక్టరు పది రూపాయల టికెట్ కొట్టలేదనుకోండి. చెకింగ్ వాళ్ళు బస్సెక్కుతారు. ప్రయాణికుడి చేత వాంగ్మూలం రాయిస్తారు. సంచిలో చిల్లరతో సహా లెక్కపెట్టి టికెట్లు కొట్టే టిమ్ మిషన్ లెక్కతో సరిచూస్తారు. కండక్టరు దగ్గర అక్కడికక్కడే వివరణ తీసుకుంటారు. తర్వాత డిపోలో చార్జిషీటు, దానికి సంజాయిషీ, ఆపైన ఎంక్వైరీ. అందులో ఆ కండక్టరు చెకింగ్ ఇన్‌స్పెక్టర్ని ఎదురు ప్రశ్నలు వెయ్యొచ్చు. చివర్లో షోకాజ్ నోటీసు, శిక్ష పడితే అప్పీలు. సంస్థ 1967లో తనకు తాను రాసుకున్న రెగ్యులేషన్లున్నాయి మరి. పది రూపాయలకి ఇంత తతంగం, 48 వేల కుటుంబాలకి ఒక ప్రకటన! టోకు బేరానికి తగ్గింపు కాబోలు.

విచారణ లేకుండా ప్రభుత్వోద్యోగిని తీసెయ్యకూడదనే రాజ్యాంగం 311వ అధికరణం కార్పొరేషన్ ఉద్యోగులకు వర్తించదని లా పాయింటు తీసేవాళ్ళుంటారు. నిజమే, వర్తించదు. అయితే 1993లో తేలిన డి.కె. యాదవ్ కేసు ఒక ప్రైవేటు ఫ్యాక్టరీ కార్మికుడిది. ఎనిమిది రోజులకు మించి రాకపోతే ఉద్యోగం దానంతటదే పోతుందని అక్కడ స్టాండింగ్ ఆర్డర్‌లోనే రాసి ఉంది. అయినా అతని మాట వినకుండా తీసెయ్యడం చెల్లదంది సుప్రీంకోర్టు. అదే ఏడాది మన హైదరాబాదులోని ఈసీఐఎల్ సంస్థ కేసులో, విచారణ నివేదిక ఉద్యోగి చేతికివ్వకుండా శిక్ష వెయ్యొద్దని రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. ఈసీఐఎల్ నుంచి అప్పటి ముఖ్యమంత్రి నివాసం ప్రగతి భవన్‌కి మరీ అంత దూరమేం కాదు. బస్సుల్లేక ఆ తీర్పు చేరలేదేమో.

సమ్మె చట్టవిరుద్ధమంటారా? కావచ్చు. ఆ మాటే కాగితం మీద రాసి ఇవ్వండి, జవాబు అడగండి. అంత మందిలో ఆపరేషనై మంచం మీదున్న డ్రైవరూ, ప్రసూతి సెలవులో ఉన్న కండక్టరమ్మా ఒక్కరూ ఉండరా? ఆరు కొట్టేసరికి వాళ్ళూ తమను తాము తీసేసుకున్నారా? అడిగితే కదా తెలిసేది. 2003లో తమిళనాట జయలలిత ప్రభుత్వం లక్షన్నరకు పైగా ఉద్యోగుల్ని ఇంటికి పంపింది. అదీ ఘోరమే, కానీ తీసేసింది తానేనన్న సంగతి దాచుకోలేదు. కోర్టుకెళ్ళడానికి ఎదర ఒక ప్రతివాది ఉన్నాడు.

ఇక్కడ సమ్మె నడుస్తుండగా ప్రాణాలు తీసుకున్న కార్మికులున్నారు. వాళ్ళ దగ్గర నాకు వ్యంగ్యం రాదు.

నవంబరు 25న సంఘాలు సమ్మె విరమించాయి. మర్నాడు కార్మికులు డిపోలకెళ్తే గేట్ల దగ్గరే ఆపేశారు. తీసేసుకోవడం ఎవరికి వారు చేసుకోగలిగారు గానీ, చేరడానికి మాత్రం పైనుంచి మాట రావాలట. 28న ముఖ్యమంత్రి కరుణించారు. డిసెంబరు 1న డిపోకి కొందరిని ప్రగతి భవన్‌కి పిలిచి భోజనం పెట్టారు. రిటైర్మెంటు వయసు 60కి పెంచారు. సమ్మె కాలం జీతం కూడా ఇస్తామన్నారు. తమంతట తామే వదిలేసుకున్న ఉద్యోగానికి 52 రోజుల జీతం ఏ పద్దు కింద రాశారో ఆడిట్ వాళ్ళే చెప్పాలి.