పండగ ఇవాళా, రేపా?

మా తిరువూరులో పండగ కంటే ముందు పండగ తేదీ మీద తగువు వస్తుంది. పండగైతే ఒక్కపూటలో అయిపోతుంది, పులిహోర మర్నాటికి చద్దిదవుతుంది. తగువు మాత్రం పదిహేను రోజులు నిలవుంటుంది. కూరగాయల బజార్లో, బస్టాండు దగ్గర టీకొట్లో, గుడి మెట్ల మీద, ఎక్కడ నలుగురు చేరినా అదే మాట.

మా ఇంట్లో గోడకి రెండు క్యాలెండర్లు. ఒకటి ఎరువుల కొట్టువాళ్ళు ఇచ్చింది, రెండోది బంగారం కొట్టువాళ్ళు ఇచ్చింది. ఎరువుల క్యాలెండర్లో పండగ సోమవారం ఉంటే బంగారం క్యాలెండర్లో మంగళవారం ఉంటుంది. మా ఆవిడ ఎప్పుడూ బంగారం వైపే. మా అమ్మ రెంటినీ నమ్మదు. పూజగదిలో పసుపు మరకల పంచాంగం ఒకటుంది, ఆవిడకి అదే ప్రమాణం. అయితే అందులో అక్షరాలు చీమల బారులా ఉంటాయి గనక చదివి చెప్పాల్సింది నేను. నేను చదివింది తనకి నచ్చకపోతే "సరిగ్గా చూడరా, కళ్ళజోడు మార్పించుకో" అంటుంది.

అసలు తప్పంతా చంద్రుడిది. సూర్యుణ్ణించి ఆయన 12 డిగ్రీలు ఎడంగా జరిగితే ఒక తిథి. హుషారుగా ఉన్నరోజు ఆ దూరం 19 గంటల్లో తెమిలిపోతుంది, బద్ధకించిన రోజు 26 గంటలు పడుతుంది. మన రోజు చూస్తే సూర్యోదయం నుంచి సూర్యోదయానికి, ఇంచుమించు ఇరవైనాలుగు గంటల కొలత. ఈ రెంటికీ పొత్తు ఎలా కుదురుతుంది? పైగా ఒక్కో దేవుడికి ఒక్కో వేళ. వినాయకుడికి చవితి మధ్యాహ్నం ఉండాలి. దీపావళి లక్ష్మికి అమావాస్య పొద్దుగూకే వేళకి ఉండాలి. శివుడికి చతుర్దశి అర్ధరాత్రి ఉండాలి. తిథి రెండు రోజులూ ఆ వేళకి ఉంటే ఏం చెయ్యాలి, రెండు రోజులూ లేకపోతే ఏం చెయ్యాలి అని తేల్చడానికి కమలాకర భట్టు 1612లో నిర్ణయసింధువు రాశాడు. అయినా జనానికి అనుమానాలు తీరలేదు కాబోలు, 1790లో కాశీనాథ ఉపాధ్యాయుడు ధర్మసింధువు రాశాడు. సిద్ధాంతులు ఈ రెండు సముద్రాల్లో ఇప్పటికీ ఈదుతూనే ఉన్నారు. మనం కొబ్బరికాయ పట్టుకుని ఒడ్డున నిలబడ్డాం. మళ్ళీ వాళ్ళలో సూర్యసిద్ధాంతం లెక్కవాళ్ళు వేరు, ఆకాశంలో గ్రహం ఉన్నచోటుని బట్టి దృగ్గణితం కట్టేవాళ్ళు వేరు. రెండు లెక్కలకీ తేడా నిమిషాల్లో కాదు, గంటల్లో వస్తుంది.

2023 వినాయక చవితి సంగతే తీసుకోండి. దృగ్గణితం ప్రకారం చవితి సెప్టెంబరు 18 సోమవారం పన్నెండున్నర దాటాక వచ్చింది, 19 మంగళవారం ఒంటిగంటన్నర దాటాక వెళ్ళింది. మన ప్రభుత్వం 18న సెలవిచ్చింది. ముంబాయి వాళ్ళు 19న విగ్రహం కూర్చోబెట్టారు. ఢిల్లీలో ఎంపీలు కొత్త పార్లమెంటు భవనంలోకి మారింది కూడా 19నే, చవితి కలిసొస్తుందని. మా వీధి రెండుగా చీలింది. అటు వరస ఇళ్ళవాళ్ళు రాష్ట్ర ప్రభుత్వం వైపు, ఇటు వరస వాళ్ళు పార్లమెంటు వైపు.

నేను పంతులుగారి దగ్గరికి వెళ్ళాను. ఆయన కళ్ళజోడు తీసి ఉత్తరీయంతో తుడిచి, "పద్దెనిమిదిన చేసుకుంటే దోషం లేదు నాయనా" అన్నారు.

"మరి పందొమ్మిదినో?"

"ఇంకా శ్రేష్ఠం."

"ఆ శ్రేష్ఠానికి శాస్త్రం ఏమిటి పంతులుగారూ?"

"పద్దెనిమిదిన అటు వరస ఇళ్ళన్నీ ఒప్పేసుకున్నాను. ఇటు వరసకి పందొమ్మిదినే ఖాళీ."

ఇంత సూటిగా ఏ సింధువూ చెప్పలేదు. కానీ అక్కడితో గొడవ తీరలేదు, చంద్రుడున్నాడుగా. చవితి చంద్రుణ్ణి చూస్తే నీలాపనిందలు. శమంతకమణి కథ విని అక్షతలు నెత్తిన వేసుకుంటే దోషం అంటదు. 18 రాత్రి ఆకాశంలో ఉన్నవాడు చవితి చంద్రుడు. 19 సాయంత్రానికి లెక్క ప్రకారం పంచమి వచ్చేసింది. అంటే ఇటు వరస వాళ్ళం కథ వినకముందే చవితి చంద్రుడు వచ్చి వెళ్ళిపోతాడు. కథ విన్నాక కనిపించేవాడు నిందలతో పనిలేని పంచమి చంద్రుడు. మా అమ్మ ఎందుకైనా మంచిదని రెండు రాత్రులూ ఎవర్నీ పెరట్లోకి పోనివ్వలేదు. పక్కింటాయన రెండు రోజులూ తల దించుకునే తిరిగి, రెండోరోజు వాకిట్లో ఆపిన స్కూటరుకి మోకాలు కొట్టుకున్నాడు. స్కూటరు ఆయనదే. నింద వేద్దామంటే మనిషి దొరకలేదు పాపం.

కృష్ణాష్టమికి తగువు తీరు వేరు. స్మార్తులకి ఒకరోజు, వైష్ణవులకి మర్నాడు అని క్యాలెండర్లోనే వేస్తారు. మాకు దగ్గర్లోనే నెమలి వేణుగోపాలస్వామి కోవెల ఉంది, గంపలగూడెం మండలంలో. తిరువూరు చుట్టుపక్కల వాళ్ళకి కృష్ణుడంటే ఆయనే. ఆ కోవెల్లో ఎప్పుడైతే అప్పుడే అనుకుంటే గొడవే లేదు. కానీ మా ఆవిడ ఏటా "మనం స్మార్తులమా, వైష్ణవులమా?" అని అడుగుతుంది. పెళ్ళయిన నాటి నుంచి తెలియదా అంటే తెలుసు. ఆ ఏడు ఏ రోజు ఇంట్లో వెన్న ఉందో దాన్నిబట్టి మాకు సంప్రదాయం నిర్ణయమవుతుంది.

ఇక మా ఊరికి మాత్రమే ఉన్న బాధ ఒకటుంది. మేం సరిహద్దు మీద ఉన్నాం. సత్తుపల్లి రోడ్డెక్కితే కాసేపట్లో తెలంగాణ. 2014 జూన్ 2కి ముందు అది కృష్ణా, ఖమ్మం జిల్లాల పొలిమేర, అంతే. ఎవరికీ పట్టేది కాదు. ఇప్పుడు రెండు రాష్ట్రాలు, రెండు సెలవుల జాబితాలు. మా చెల్లెల్ని పెనుబల్లి వైపు ఇచ్చాం. మా బావగారు అక్కడి ప్రభుత్వోద్యోగి. సంక్రాంతికి మాకు భోగి, పండగ, కనుమ మూడూ సెలవులే. వాళ్ళకి మొదటి రెండూ మామూలు సెలవులు, కనుమ ఐచ్ఛికం. కనుమనాడు పొద్దున్నే మా బావగారు చొక్కా తొడుక్కుని బయల్దేరబోతే, మా అమ్మ గారెల పిండి చేత్తోనే గుమ్మానికి అడ్డం వచ్చింది.

"కనుమనాడు కాకైనా కదలదు నాయనా, నువ్వు కదులుతావా?"

"కాకికి సెలవుచీటీ రాసే పని లేదత్తయ్యా" అన్నాడాయన.

చివరికి సెలవుచీటీ రాశాడు. గారెల్లోకి కోడికూర ఉందని తెలిశాక రాశాడని మా చెల్లెలు చెప్పింది. దీనికి బదులుగా బోనాలకీ, ఎంగిలిపూల బతుకమ్మకీ వాళ్ళకి సెలవు, మాకు పని. ఆ రోజుల్లో మా చెల్లెలు పిల్లల్ని తీసుకుని "మాకు సెలవొచ్చింది" అంటూ దిగుతుంది. మా పిల్లలు బడికి పోతూ ఏ రాష్ట్రం మంచిదో వెనక్కి తిరిగి తిరిగి చూస్తారు.

శ్రీరామనవమి ఒక్కటీ ఏ తగువూ లేకుండా ఉండేది. మా ఊరు భద్రాచలం దారిలోనే ఉంది. అక్కడ అభిజిత్ లగ్నంలో తలంబ్రాలు పడితే ఇక్కడ మా పందిట్లో పానకం పంచేవాళ్ళం. విభజన తర్వాత భద్రాచలం అటు వెళ్ళింది. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం పట్టువస్త్రాలు ఒంటిమిట్టకి తీసుకెళ్ళడం మొదలుపెట్టింది. ఒంటిమిట్టలో కల్యాణం నవమినాడు పగలు కాదు, పౌర్ణమి దగ్గరపడ్డాక వెన్నెల రాత్రి. అలా ఇప్పుడు రాములవారికి ఒకే చైత్రంలో ఇద్దరు ముఖ్యమంత్రుల తరఫున రెండు పెళ్ళిళ్ళు. ఏకపత్నీవ్రతుడు గనక రెండుసార్లూ సీతమ్మే పెళ్ళికూతురు. మా అమ్మ రెండూ టీవీలో చూసి రెండుసార్లూ కళ్ళొత్తుకుంటుంది.

కేంద్ర ప్రభుత్వం ఈ గొడవ తీర్చాలని చూడకపోలేదు. 1952లో శాస్త్రవేత్త మేఘనాథ్ సాహా అధ్యక్షతన సంఘం వేసింది. దేశంలో ముప్పై రకాల పంచాంగాలు వాడుకలో ఉన్నాయని వాళ్ళు కనుక్కున్నారు. అందరికీ కలిపి 1957 మార్చి 22 నుంచి జాతీయ శక క్యాలెండరు అమల్లో పెట్టారు. ముప్పై ఉన్నచోట ముప్పై ఒకటోది చేరింది. దాని ప్రకారం అప్పాలు వండినవాళ్ళని నేనింతవరకూ చూడలేదు.

అమెరికాలో ఉన్న మా మేనల్లుడికి ఇంకో లెక్క. తిథి మారే క్షణం లోకమంతటికీ ఒక్కటే గానీ, మనకి తెల్లారే వేళకి డాలస్‌లో ముందురోజు సాయంత్రం. అందుకని చాలా పండగలు వాళ్ళకి ఒక తేదీ ముందే పడతాయి. వాడు ఫోన్ చేసి "అమ్మమ్మా, ఇవాళ మాకు పండగ" అంటే మా అమ్మ గాభరాగా పంచాంగం తీయించింది. తర్వాత వాడే చల్లగా చెప్పాడు: పండగ ఇవాళే గానీ అందరం కలిసి చేసుకునేది శనివారం. అక్కడ ఏ తిథైనా శనివారమే సెటిలవుతుందట. మా అమ్మ కాసేపు ఆలోచించి, "పోనీలే, వెంకటేశ్వరస్వామి వారం" అంది.

ఇన్ని తగువులాడే మేము ఒక్క మూఢం విషయంలో మాత్రం ఏకగ్రీవం. 2024లో ఏప్రిల్ చివర్నుంచి జులై మొదలుదాకా గురు శుక్ర మూఢాలు వచ్చి, ఎండాకాలం ముహూర్తాలన్నీ ఎగిరిపోయాయి. ఫంక్షన్ హాళ్ళు బావురుమన్నాయి. ఏ సిద్ధాంతం ప్రకారం, ఎవరి గణితం ప్రకారం అని ఒక్కడూ అడగలేదు. శుభలేఖలు పంచుకుంటూ ఆ ఎండల్లో తిరిగే పని తప్పిందని మామిడి రసాలు పిండుకుంటూ కూర్చున్నారు. చెయ్యొద్దు అని చెప్పే శాస్త్రం మీద మాకు ఎప్పుడూ గురి ఎక్కువే.

అదే ఏడు దీపావళికి మళ్ళీ మొదలు. అమావాస్య అక్టోబరు 31 మధ్యాహ్నం మూడు దాటాక వచ్చి నవంబరు 1 సాయంత్రం ఆరు దాటేదాకా ఉంది. రెండు పొద్దుగూకులూ తగిలాయి, రెండోది కొసరుగా. టీవీలో ఒక సిద్ధాంతిగారు 31 అంటే, ఇంకో ఛానెల్లో ఇంకొకాయన 1 అన్నారు. సెలవు 31నే ఇచ్చారు గానీ, ప్రభుత్వానికి ధర్మసింధువు ఏం తెలుసని మా ఇటు వరస అభిప్రాయం. 30 సాయంత్రం పూలబజారుకి వెళితే సగం వీధి అక్కడే ఉంది. బంతిపూల గంపల ముందు నిలబడి ప్రదోషం గురించి మాట్లాడుకుంటున్నారు. పంతులుగారు కూడా ఉన్నారు గానీ, ఎందుకో చామంతుల వైపు తిరిగి నిలబడ్డారు.

పూలావిడ కాసేపు విని విసుక్కుంది. చవితికి పత్రి కట్టలో నేను మాచీపత్రం ఏదీ అని అడిగితే, "ఈ ఆకే అనుకుని పెట్టు బాబాయ్, సామి ఏమీ అనుకోడు" అని తేల్చిన మనిషి ఆవిడే.

"ఏంది బాబాయ్ మీ గొడవ? పూల బండి ఇయ్యాలే దిగింది. మళ్ళీ రెండు రోజులదాకా రాదు. ఎల్లుండికి ఈ బంతి కుళ్ళిపోద్ది. రేపే చేసుకోండి" అంది.

ఎవరూ మాట్లాడలేదు. పంతులుగారు చామంతుల దగ్గర్నుంచి ఇటు తిరిగి సంచి విప్పారు.

"నాకు రెండు కిలోలు తూచమ్మా" అన్నారు.