మేధావి అంటే చిలుక

కిందటి నెల మా ఊరి సాహితీ సంస్థ కార్యదర్శిగారు ఫోన్ చేశారు. ఆదివారం సభ ఉందనీ, నేను వేదిక మీద కూర్చోవాలనీ, ఫ్లెక్సీ ప్రింటింగుకు వెళ్తోంది కాబట్టి నా పేరు ముందు ఏం వేయాలో వెంటనే చెప్పాలనీ సారాంశం.

"పేరు ముందు ఏమీ వద్దండీ. పేరు చాలు" అన్నాను.

"బోడిగా వేస్తే బాగోదు మాస్టారూ. పక్కనున్నవాళ్ళు నొచ్చుకుంటారు" అంటూ చేతిలో ఉన్న జాబితా చదివారు. ప్రముఖ కవులు ఇద్దరు అయిపోయారు. విద్యావేత్త అనేది కాలేజీ యజమానిగారికి వెళ్ళిపోయింది. సంఘసేవకులు అన్నది టెంటుకూ కుర్చీలకూ డబ్బిచ్చినాయనకు రిజర్వు. "ఇక మిగిలింది ప్రముఖ మేధావి ఒక్కటే. అది వేసేస్తాను. దానికైతే ఎవరూ రుజువులడగరు."

ఆ చివరి మాట దగ్గర నాకు జ్ఞానోదయమైంది. నిజమే కదా. కవినంటే ఓ పద్యం చదవమంటారు. డాక్టర్నంటే చెయ్యి చాపి నాడి చూడమంటారు. ప్లంబర్నని చెప్పుకుంటే కారుతున్న కుళాయి దగ్గరికి లాక్కెళ్తారు. మేధావినని చెప్పుకున్నవాణ్ణి మాత్రం ఇంతవరకూ ఎవరూ "ఏదీ, ఓసారి ఆలోచించి చూపించండి" అనలేదు. అర్హత, అనుభవం, పూచీకత్తు ఏదీ అక్కర్లేని కొలువు తెలుగునాట ఇదొక్కటే మిగిలింది.

"ఫోటో కూడా పంపండి. గడ్డం కింద చెయ్యి పెట్టుకున్నదైతే మరీ మంచిది" అని ఆయన ఫోన్ పెట్టేశారు.

ఇంగ్లీషువాళ్ళ ఇంటలెక్చువల్‌కి మనం మేధావి అని పేరు పెట్టుకున్నాం. పెట్టిన పెద్దలు సంస్కృత నిఘంటువు చివరిదాకా చదివినట్టు లేదు. మేధ అంటే విన్నదాన్ని పట్టి ఉంచుకునే బుద్ధి. అది ఉన్నవాడు మేధావి. అంతవరకూ బాగానే ఉంది. కానీ ఆప్టే నిఘంటువు తెరిస్తే, పండితుడు అనే అర్థం కింద ఇంకో రెండు అర్థాలు కనిపిస్తాయి. ఒకటి చిలుక. రెండోది మత్తెక్కించే పానీయం.

నిఘంటుకారుల ముందుచూపుకు దణ్ణం పెట్టాలి. రాత్రి తొమ్మిదింటికి టీవీ పెట్టి చూడండి. తెర మీద ఆరు కిటికీలు, ఆరుగురు మనుషులు. పేర్ల కింద రాజకీయ విశ్లేషకులు, సామాజిక విశ్లేషకులు, సీనియర్ విశ్లేషకులు. పొద్దున వాట్సాప్‌లో అందిన ముక్కను రాత్రికి ఒక్క అక్షరం పొల్లుపోకుండా అప్పజెప్తారు. పట్టి ఉంచుకోవడమంటే అదే మరి. చిలకజోస్యంలోని చిలుకైనా పంజరంలోంచి బయటికి నడిచొచ్చి, వరసలోంచి ఓ కార్డు ముక్కున కరుచుకుని తీస్తుంది. వీళ్ళకు ఆ శ్రమ కూడా లేదు, కార్డే ఫోనులోకి నడిచొస్తుంది. ఇక రెండో అర్థం సంగతంటారా, అది చర్చ ముగిశాక మొదలవుతుందని వినికిడి. కళ్ళారా చూడలేదు కాబట్టి రాయను.

ఈ మాట వాడకానికి ఓ వ్యాకరణం కూడా ఉంది. ఏకవచనంలో ఇది తిట్టు, బహువచనంలో పొగడ్త. "వచ్చాడండీ మేధావి" అంటే వచ్చినవాడికి బుర్ర లేదని అర్థం. "మేధావులంతా ఆలోచించాలి" అంటే ఎన్నికలొచ్చాయని అర్థం. ఉత్తమ పురుషలో దీన్ని పలకకూడదు. నేను మేధావిని అని ఎవడూ నోరారా అనుకోలేడు, ఎదుటివాడిచేత అనిపించుకోవాలి. ఆ అవసరంలోంచే శాలువాల పరిశ్రమ వర్ధిల్లుతోంది. భూతకాలంలో అయితే అర్హతల పట్టింపే లేదు, పోయినవాళ్ళందరూ మేధావులే. సంతాప సభలో వక్త మారినకొద్దీ పోయినాయన బుద్ధి పెరుగుతూ పోతుంది.

విశేషణాల సంగతి మరీ విడ్డూరం. మన పార్టీ వైపు మాట్లాడితే ప్రజా మేధావి. అవతలి పార్టీ వైపు మాట్లాడితే కుహనా మేధావి. కుహనా అనే మాట తెలుగులో ఒంటరిగా వీధిలో తిరుగుతుండగా మీరెప్పుడైనా చూశారా? మేధావి చెయ్యి పట్టుకోకుండా అది గడప దాటడం అరుదు. రెండు వైపులా మాట్లాడనివాడి కోసం ఇంకో పనిముట్టు ఉంది, "మేధావుల మౌనం ప్రమాదకరం" అని. ఈ వాక్యాన్ని ప్రతిపక్షంలో ఉన్నన్నాళ్ళూ అన్ని పార్టీలూ వాడతాయి. అధికారంలోకి రాగానే జాగ్రత్తగా మడిచి, కలరా ఉండలు వేసి, బీరువాలో పెడతాయి.

ఇంతకీ ఇంగ్లీషు మాట ఎక్కడ పేరు తెచ్చుకుందో చూద్దాం. విశేషణంగా అది ఎప్పటిదో. ఒక కోవ మనుషుల పేరుగా దానికి ఊపొచ్చింది మాత్రం 1898లో, పారిస్‌లో. ఆల్‌ఫ్రెడ్ డ్రేఫస్ అనే యూదు సైనికాధికారిని చెయ్యని గూఢచర్యానికి దోషిగా తేల్చి డెవిల్స్ ఐలాండ్‌కు పంపేశారు. అసలు దొంగ ఎవరో బయటపడ్డాక కూడా, సైన్యం పరువు పోతుందని నొక్కిపెట్టారు. 1898 జనవరి 13న నవలా రచయిత ఎమిల్ జోలా లోరోర్ పత్రికలో దేశాధ్యక్షుడికి బహిరంగ లేఖ రాసి, బాధ్యులైన జనరళ్ళను పేరు పేరునా నిలదీశాడు. మర్నాటి నుంచి అదే పత్రికలో, కేసు తిరగదోడమంటూ రచయితలూ ప్రొఫెసర్లూ సంతకాలు పెట్టారు. అవతలి పక్షంలో ఉన్న మారిస్ బారెస్ అనే రచయిత "ఇంటలెక్చువల్సట, ఇంటలెక్చువల్స్!" అన్న ధోరణిలో వాళ్ళను ఎద్దేవా చేశాడు. విసిరిన ఆ తిట్టునే వీళ్ళు ఏరుకుని చొక్కాకు తగిలించుకున్నారు.

తగిలించుకున్నందుకు ఏం దక్కింది? జోలాకు ఏడాది జైలు, 3000 ఫ్రాంకుల జరిమానా పడ్డాయి. జులైలో ఇంగ్లండు పారిపోయి తలదాచుకున్నాడు. ఆయన తరఫున సాక్ష్యమిచ్చిన రసాయన శాస్త్రవేత్త ఎడువార్ గ్రిమోకు ప్రొఫెసర్ ఉద్యోగం పోయింది. డ్రేఫస్ నిర్దోషి అని కోర్టు ఒప్పుకున్నది 1906లో. అప్పటికి జోలా పోయి నాలుగేళ్ళు. అంటే ఈ బిరుదుతో పాటు మొదట్లో శాలువా రాలేదు, జరిమానా రసీదు వచ్చింది.

మనవాళ్ళు ఈ విషయంలో ఫ్రాన్సుకంటే ఒక ఏడాది ముందున్నారు. 1897లో గురజాడ నాటకం కన్యాశుల్కం అచ్చయింది. పారిస్‌లో అసలు సరుకు బయటికొచ్చేలోగానే విజయనగరంలో నకిలీ సరుకు సిద్ధమైపోయిందన్నమాట. అందులోని గిరీశాన్ని తలుచుకోండి. నోట్లో చుట్ట, నాలుక మీద ఇంగ్లీషు, వితంతు వివాహాల మీద లెక్చర్లు, వేశ్యల సమస్య మీద ఘనమైన అభిప్రాయాలు, రాకపోకలు మాత్రం మధురవాణి ఇంటికి, ఖర్చు పూటకూళ్ళమ్మ ఖాతాలో. తన కబుర్లు వినడమే పెద్ద చదువని శిష్యుడు వెంకటేశాన్ని నమ్మించాడు. ఇవాళ ఉండి ఉంటే వారానికి ఆరు రోజులు టీవీలో కనిపించేవాడు. ఏడో రోజు పాడ్‌కాస్టు.

అదే వితంతు వివాహం సంగతి తీసుకుంటే, 1881 డిసెంబరు 11న రాజమండ్రిలో వీరేశలింగం పంతులుగారు మొదటి పెళ్ళి జరిపించారు. ఊరు వెలేసింది. వంటవాళ్ళు రామన్నారు, నీళ్ళు మోసేవాళ్ళు మానేశారు. పంతులుగారి భార్య రాజ్యలక్ష్మమ్మగారు గోదావరి నుంచి తానే నీళ్ళు మోసుకొచ్చి వంట చేశారు. ఆ ఆలోచన ఖరీదు కొలవాలంటే బిందెల్లో కొలవాలి. ఆ బిందెలు మోసిన చెయ్యి పంతులుగారిది కాదు. మేధావుల జాబితా రాసేవాళ్ళు ఆవిడ పేరు దగ్గర కలం ఆపరు. బిందె మోయడం ఆలోచనల కింద లెక్కకు రాదు కాబోలు.

బుద్ధిమంతుల కోసం రాజ్యాంగం కూడా ఓ గది కట్టించింది. దాని పేరు శాసన మండలి, ముద్దుగా పెద్దల సభ. 171వ అధికరణ ప్రకారం పన్నెండో వంతు సీట్లు పట్టభద్రులు ఎన్నుకోవాలి, మరో పన్నెండో వంతు ఉపాధ్యాయులు. సాహిత్యం, విజ్ఞానం, కళలు, సహకారోద్యమం, సంఘసేవల్లో ఆరితేరినవాళ్ళను గవర్నరు నామినేట్ చెయ్యాలి. ఆచరణలో మొదటి నాలుగింటికీ పెద్దగా పని పడదు. సంఘసేవ అనే గుమ్మం ఎంత వెడల్పంటే, ఎన్నికల్లో ఓడినవారు కారుతో సహా లోపలికి రావచ్చు.

ఈ పెద్దలమీద మనకున్న గౌరవం మాత్రం నిలకడైనది కాదు. 1985లో ఎన్.టి. రామారావుగారు దండగన్నారు, ఆంధ్రప్రదేశ్ మండలి పోయింది. తర్వాతివాళ్ళు కావాలన్నారు, 2007లో వచ్చింది. 2020లో ఆంధ్రప్రదేశ్ శాసనసభ మళ్ళీ రద్దు చేయమని తీర్మానించింది, 2021లో ఆ తీర్మానాన్ని వెనక్కి తీసుకుంది. అద్దె ఇంట్లో ఉన్నవాడికి కూడా ఇంతకంటే భరోసా ఉంటుంది.

పట్టభద్రుల ఎన్నికలకు ఓటరు కావాలంటే డిగ్రీ పూర్తయి మూడేళ్ళు దాటాలి. చెయ్యవలసిన పనల్లా, అక్కడిచ్చిన పెన్నుతో నచ్చిన అభ్యర్థి పేరు ఎదుట 1 అనే అంకె వెయ్యడం. కావాలంటే ఇంకొకరికి 2. బడిలో చేరిన వారం రోజులకే పిల్లలు రాసే అంకె. అయినా లెక్కింపు రోజున చెల్లని ఓట్లు వేలల్లో తేలతాయి. కొందరు టిక్కు కొడతారు, కొందరు కింద ఏకంగా సంతకమే పెడతారు. సంతకం పెట్టకూడని చోట అంత ధైర్యంగా పెట్టే ఈ చదువుకున్నవాళ్ళు, పెట్టవలసిన చోట ఏం చేస్తారో చివర్లో మనవి చేస్తాను.

మనుషులందరూ మేధావులే అని ఇటలీ దేశస్థుడు గ్రాంసీ ముస్సోలినీ జైల్లో కూర్చుని రాశాడు. ఈ మాట మన వేదికల మీద తరచూ వినిపిస్తుంది, సగమే. మిగతా సగం ఏమిటంటే, సమాజంలో ఆ పని చేసేవాళ్ళు మాత్రం అందరూ కారు. దానికాయన ఇచ్చిన ఉపమానం మన వంటింటికి దగ్గరగానే ఉంటుంది. గుడ్డు వేయించుకోవడం, చిరిగిన కోటుకు కుట్టు వేసుకోవడం ఎవరికైనా అవసరపడొచ్చు, అంతమాత్రాన అందరినీ వంటవాళ్ళనీ దర్జీలనీ అనం కదా అన్నాడు. మన దగ్గర ఓసారి ఆమ్లెట్ వేసినవాడు వంటవాళ్ళ సంఘానికి అధ్యక్షుడై, పెళ్ళి భోజనాల మీద తీర్పులు చెప్తున్నాడు.

ఇప్పుడు ఇంగ్లీషు నుంచి ఇంకో సరుకు దిగింది, థాట్ లీడర్. హైటెక్ సిటీలో కాఫీ తాగేవాళ్ళలో ప్రతి ఇద్దరిలో ఒకరు లింక్డిన్‌లో థాట్ లీడరే. తెలుగులో ఏమనాలో ఇంకా తేలలేదు. భావ నాయకుడు అందామా అంటే నాయకుడు ముందు నడుస్తున్నాడు, భావం వెనకాల వస్తోందో లేదో ఎవరూ తిరిగి చూడటం లేదు. తేలేదాకా చిలుకనే వాడుకుందాం.

ఆదివారం రానే వచ్చింది. సభాస్థలిలో ఫ్లెక్సీ మీద నేను గడ్డం కింద చెయ్యి పెట్టుకుని ఉన్నాను. శిల్పి రోడాన్ చెక్కిన థింకర్ కూడా ఇలాగే కూర్చుంటాడు కానీ ఒక తేడా ఉంది. ఆ మనిషి కుడి మోచెయ్యి ఎడమ తొడ మీద ఉంటుంది. ఇంట్లో ప్రయత్నించి చూడండి, నిమిషంలో నడుము పట్టేస్తుంది. పైగా రోడాన్ అతన్ని మొదట కూర్చోబెట్టింది నరక ద్వారం అనే శిల్పం పైభాగాన. ఫోటో స్టూడియోలో నాకు మెత్తటి కుర్చీ వేశారు.

సభ విషయం సమాజ పరివర్తనలో మేధావుల పాత్ర. రెండున్నర గంటలు అందరం పాత్ర గురించి మాట్లాడాం. పాత్రలో పోయడానికి ఏదైనా ఉందా అని ఎవరం అడగలేదు. నేను జోలా గురించి పావుగంట చెప్పాను. డెవిల్స్ ఐలాండ్ దగ్గర గొంతు కాస్త వణికించాను. చప్పట్లు బాగానే పడ్డాయి.

శాలువాలు కప్పడం అయ్యాక ఊరి గ్రంథాలయంలో తుడిచే మనిషి వేదిక ఎక్కాడు. చేతిలో ఓ తెల్ల కాగితం. ఇంటిపన్నులో రూపాయికి 8 పైసల చొప్పున గ్రంథాలయ సెస్సు మన దగ్గర వసూలవుతోంది. ఆ డబ్బు మున్సిపాలిటీ నుంచి గ్రంథాలయానికి చేరడం లేదు. పత్రికలు ఆగిపోయి నాలుగు నెలలైంది, కప్పు కారుతోంది. కలెక్టరుగారికి అర్జీ. అడుగున మొదటి సంతకం ఆయనదే, వంకరగా.

"పెద్దలంతా ఒక్కచోట ఉన్నారని తెచ్చానండీ" అన్నాడు.

విద్యావేత్తగారు తన కాలేజీ భవనం అనుమతులు మున్సిపాలిటీలోనే ఉన్నాయని కాగితం పక్కకు జరిపారు. సంఘసేవకులు ఫోన్ చెవికి పెట్టుకుని దిగిపోయారు. ఒక ప్రముఖ కవి దీనిమీద దీర్ఘకవిత రాస్తానని మాటిచ్చారు. ఇంకో ప్రముఖ కవి మొదటి ఆయన పెడితే తాను పెడతానన్నారు. కాగితం నా దాకా వచ్చింది.

వచ్చే నెల నా పెన్షన్ సవరణ ఫైలు కలెక్టరేట్‌కే వెళ్ళాలి. జేబులో మూడు పెన్నులున్నాయి. అర్జీ శ్రద్ధగా రెండుసార్లు చదివాను. గ్రంథాలయం అనే మాటలో థ పొట్టలో చుక్కా, కింద వత్తూ పోయి గ్రందాలయం అని ఉంది. పెన్ను తీసి దిద్దాను. చాలా బాగా రాశావని మెచ్చుకుని కాగితం తిరిగిచ్చేశాను.

అతను వత్తు కేసీ నాకేసీ చూసి, కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు. దిగుతూ, గాలికి ఊడిన ఫ్లెక్సీ మూలను మళ్ళీ గట్టిగా కట్టి వెళ్ళాడు. ప్రముఖ మేధావి నిటారుగా నిలబడ్డాడు.