సొంతింటికి అద్దె

“అద్దె కట్టే డబ్బేదో ఈఎంఐ కడితే ఇల్లు మనదైపోతుంది కదా!”

ఈ ఒక్క వాక్యాన్ని పునాదిగా వేసి హైదరాబాదు చుట్టూ ఎన్ని అంతస్తులు లేపారో! మామగార్లు అంటారు, పక్కింటివాళ్ళు అంటారు, ఆఫీసు క్యాంటీన్లో టీ గ్లాసు పట్టుకుని మొన్ననే అప్పు తీసుకున్నవాడు అందరికన్నా గట్టిగా అంటాడు. వాడికి తోడు కావాలి మరి. లెక్క చివరిదాకా వేసి చూసినవాళ్ళు ఈ మాట అనగా మాత్రం నేనింతవరకు వినలేదు.

పోయిన నెల ఓ ఆదివారం మా బావమరిది నన్ను బీరంగూడ వైపు లాక్కెళ్ళాడు. మియాపూర్‌లో 18 వేల అద్దెకుంటాడు, గచ్చిబౌలిలో ఉద్యోగం. “నువ్వొకసారి చూసి చెప్పు బావా” అన్నాడు. చూడ్డానికి అక్కడ ఇంకా పిల్లర్లే ఉన్నాయి. అందుకని మోడల్ ఫ్లాటు చూపించారు. బెడ్‌రూమ్ ఎంతో విశాలంగా ఉంది. తీరా చూస్తే విశాలంగా ఉన్నది గది కాదు, పొట్టిగా ఉన్నది మంచం. నేను పడుకుంటే మోకాళ్ళ కిందంతా బయటికే.

బుకింగ్ ఆఫీసులో ఏసీ, కాఫీ, గాజుపెట్టెలో బుల్లి అపార్టుమెంటు, దాని చుట్టూ బుల్లి చెట్లు. టై కట్టుకున్న కుర్రాడొచ్చి కూర్చున్నాడు.

“బడ్జెట్ సంగతి పక్కన పెట్టండి సార్. నెలకి ఎంత కంఫర్టబుల్?”

మాయంతా ఈ ప్రశ్నలోనే ఉంది. ధర అడిగితే చదరపు అడుగుల్లో చెబుతారు: అడుగు 5,500. అప్పు అడిగితే నెలల్లో చెబుతారు: నెలకు 43,391. 1,200 అడుగులకు 66 లక్షలు, అందులో అప్పు 50 లక్షలు, వడ్డీ 8.5 శాతం, గడువు 20 ఏళ్ళు. ముక్కలన్నీ చెప్పాడు. “మొత్తం ఎంతవుతుంది బాబూ?” అంటే శుభమా అని పెళ్ళి మాట్లాడుతుంటే తుమ్మినవాణ్ణి చూసినట్టు చూశాడు. ఇక నేనే బ్రోషర్ వెనకాల గుణించుకున్నాను. 43,391 ఇంటూ 240. కోటీ 4 లక్షల 13 వేల 840. అంటే 50 లక్షల అసలుకు 54 లక్షల పైచిలుకు వడ్డీ. అసలు కన్నా వడ్డీ ముద్దు అని మన పెద్దవాళ్ళు మనవల్ని ఎత్తుకుని అంటుంటారు. ఆ మాటని అక్షరాలా నమ్మి ఆచరిస్తున్నది బ్యాంకులే.

“43 వేలే కదా బావా” అన్నాడు బావమరిది. కాగితం మీద నేను కోటి దాటాను, వాడింకా 43 దగ్గరే ఉన్నాడు.

వాడు అమాయకుడు కాదు. మోడల్ ఫ్లాటులో ఫోన్ తీసి దిక్సూచి పెట్టుకుని, ఈశాన్యం కోత పడిందేమోనని గదిగదికీ తిరిగాడు. పొయ్యి ఆగ్నేయంలో ఉందా, పడకగది నైరుతిలో ఉందా అని కుర్రాణ్ణి అరగంట కూర్చోబెట్టాడు. రైతుబజార్లో గోంగూర కట్ట దగ్గర రెండు రూపాయలకు వాదించే వంశం వాడిది. అలాంటివాడు వడ్డీ 8.5 అంటే తలూపాడు. అదే 8.25 చేయమని అడిగి సాధిస్తే ఈఎంఐ 42,603 అవుతుంది, 20 ఏళ్ళలో లక్షా 89 వేలు మిగులుతుంది. ఆ పావు శాతం ఏ మూలనుందో చూడ్డానికి దిక్సూచి అక్కర్లేదు. కానీ వాస్తు పండితుడు చెప్పలేదు కాబట్టి మనం అడగం.

సరే, అసలు విషయానికొద్దాం. అంటే వడ్డీ విషయానికి.

అద్దె నీళ్ళపాలంటారు కదా. మొదటి నెల కట్టే 43,391లో ఏముందో విప్పి చూడండి. 35,417 వడ్డీ. మిగిలిన 7,974 మాత్రమే అసలు. ఇంకొకరి ఇంట్లో ఉన్నందుకు ఇచ్చేది అద్దె అయితే, ఇంకొకరి డబ్బు వాడుకున్నందుకు ఇచ్చేదీ అద్దే, దాని ముద్దుపేరు వడ్డీ. మియాపూర్ ఓనరుకిచ్చే 18 వేలు నీళ్ళపాలట, బ్యాంకుకిచ్చే 35 వేలు మాత్రం పాలపొంగట! పైగా ఆ ఓనరు, నాలుగుసార్లు ఫోన్ చేస్తేనైనా సరే, కుళాయి కారితే ప్లంబర్ని పంపుతాడు. బ్యాంకు మేనేజర్ని ఒకసారి అడిగి చూడండి.

ఐదేళ్ళు గడిచాయనుకోండి, వడ్డీ రేటు కదల్లేదనే అనుకోండి. 26 లక్షలు కట్టేసి ఉంటారు. మిగిలిన అప్పు ఎంతో తెలుసా? 44 లక్షల 6 వేలు. వాయిదాలో అసలు వాటా వడ్డీ వాటాను మొట్టమొదటిసారి దాటేది 143వ నెలలో. గృహప్రవేశం నాడు ఒకటో తరగతిలో చేరిన పిల్ల అప్పటికి ఇంటర్ పరీక్షలు రాసేస్తుంటుంది. సగం అప్పు తీరేది 166వ నెలలో, అంటే 13 ఏళ్ళ 10 నెలలకు. అప్పటికి ఆ పిల్ల ఇంజనీరింగ్ రెండో ఏడు, దానికో ఎడ్యుకేషన్ లోను.

ఇందులో మోసమేమీ లేదు. మిగిలిన అప్పు మీదే ఏ నెల వడ్డీ ఆ నెల కడుతున్నాం, ఇది చక్రవడ్డీ కూడా కాదు. మోసమైతే కనీసం తిట్టుకోవడానికి మనిషి దొరికేవాడు. ఇది ఉత్త ఎక్కం.

నా మొహం చూసి కుర్రాడు ఉపాయం చెప్పాడు. “బరువనిపిస్తే 30 ఏళ్ళకు పెట్టించుకోండి సార్, ఈఎంఐ తగ్గిపోతుంది.” తగ్గుతుంది, నిజమే. 38,446 అవుతుంది. నెలకు 4,945 తగ్గించుకున్నందుకు మొత్తం మీద పెరిగేది 34 లక్షల 26 వేలు. దీన్ని వాళ్ళ భాషలో వెసులుబాటు అంటారు.

ఇదంతా వడ్డీ కదలకపోతే. మన అప్పులు ఎక్కువగా ఫ్లోటింగ్, అంటే తేలేవి. వడ్డీ తేలుతుంది, మనం మునుగుతాం. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపల రిజర్వ్ బ్యాంకు రెపో రేటును 4 శాతం నుంచి 6.5కి పెంచింది. అప్పుడు చాలామందికి ఈఎంఐ మారలేదు. “మా బ్యాంకు మంచిది, ఒక్క రూపాయి పెంచలేదు” అని మురిసిపోయినవాళ్ళు నాకు తెలుసు. పెంచింది రూపాయిని కాదు, సంవత్సరాలని. 50 లక్షలు 7 శాతానికి 20 ఏళ్ళకు తీసుకుంటే వాయిదా 38,765. వడ్డీ 9కి చేరి, వాయిదా మాత్రం అక్కడే ఉండాలంటే గడువు 38 ఏళ్ళు దాటుతుంది. 9.5 అయిందా, నెల వడ్డీయే 39,583. కట్టేది వడ్డీకే చాలదు, కట్టినకొద్దీ అప్పు పెరుగుతుంది. వాయిదా ఇలా వడ్డీకి కూడా చాలని పరిస్థితి రానివ్వొద్దనీ, వాయిదా పెంచుకుంటారా గడువు పెంచుకుంటారా అని అప్పు తీసుకున్నవాణ్ణి అడిగి చేయాలనీ 2023 ఆగస్టులో రిజర్వ్ బ్యాంకు బ్యాంకులకు చెప్పాల్సి వచ్చింది. చెప్పాల్సి వచ్చిందంటే అంతకుముందు ఏం జరిగేదో మీరే ఊహించుకోండి.

మన తెలుగువాళ్ళకు ఈ అప్పులంటే బెదురు లేకపోవడానికి కారణం కొండ మీదుందని నా అనుమానం. పద్మావతితో పెళ్ళికి శ్రీనివాసుడు కుబేరుడి దగ్గర అప్పు చేశాడు. కలియుగం అంతమయ్యేదాకా వడ్డీ కడుతూ ఉంటాడు, అసలు చివర్లో తీరుస్తాడు. అందుకే వడ్డికాసులవాడయ్యాడు. దేవుడికే తప్పలేదు, మనమెంత అని తిరుమల వెళ్ళొచ్చి మరీ లోను కాగితాల మీద సంతకం పెడతాం. కానీ ఆయన షరతులు చూశారా? కట్టేది వడ్డీ ఒక్కటే. రేటు ఫ్లోటింగని కుబేరుడు అన్నట్టు నేనెక్కడా వినలేదు. సిబిల్ స్కోరు అడగలేదు. అన్నిటికన్నా ముఖ్యం, ఆయనకు హుండీ ఉంది. దేశమంతా కొండెక్కి వచ్చి, గంటలకొద్దీ క్యూలో నిలబడి, ఆయన వాయిదా కట్టి వెళ్తుంది. మా బావమరిది వాయిదాకు మియాపూర్ నుంచి గచ్చిబౌలి ట్రాఫిక్‌లో వాడొక్కడే వెళ్ళిరావాలి.

ఇంకో ముచ్చట. పాత సినిమాల్లో వడ్డీ వ్యాపారిని చూసి పళ్ళు నూరాం. నిజంగానే జనం నలిగిపోయారు కాబట్టి 1938లో మద్రాసు రాష్ట్రంలో రైతు రుణ ఉపశమన చట్టం తెచ్చారు. కోస్తా, రాయలసీమ అప్పుడు అందులోవే. రైతు తన పాత అప్పుకు అసలుకు రెట్టింపు అప్పటికే కట్టి ఉంటే ఆ అప్పు తీరిపోయినట్టేనన్నారు. ఆ న్యాయం మా వాడికి వర్తించి ఉంటే 231వ వాయిదాతో రెట్టింపు దాటేది, మిగతా తొమ్మిదీ చెల్లు. ఏం చేస్తాం, వాడు రైతు కాదు, సాఫ్ట్‌వేరు. ఆ రోజుల్లో షావుకారు తలుపు తట్టేవాడు. ఇప్పుడు ఐదో తారీఖున ఫోన్ చిన్నగా టింగుమంటుంది, అంతే. గుమ్మం ముందు గొడవ లేదు కాబట్టి పరువు నిలబడింది.

“టాక్స్ కలిసొస్తుంది సార్” అన్నాడు కుర్రాడు చివరి బాణంగా. మొదటి ఏడాది వడ్డీ 4 లక్షల 21 వేలు. సొంతానికి ఉంటున్న ఇంటికి పాత పన్ను విధానంలో మినహాయింపు 2 లక్షలకే. 30 శాతం స్లాబులో ఉన్నవాడికి సెస్సుతో కలిపి మిగిలేది 62,400. కొత్త విధానంలో ఆ ఇంటికి అదీ లేదు. ఇల్లు పూర్తికాక ముందు ఏ విధానంలోనూ లేదు. 62 వేలు ఆదా చేయడానికి 4 లక్షల 21 వేలు కట్టడాన్ని మా నాయనమ్మ చూస్తే దిష్టి తీసి పోసేది.

ఈ లెక్కలోకి రానివి ఇంకా ఉన్నాయి, త్వరగా చెప్పేస్తాను. కడుతున్న ఫ్లాటుకు 5 శాతం జీఎస్టీ, 3 లక్షల 30 వేలు. స్టాంపులు, రిజిస్ట్రేషన్ కలిపి ఏడున్నర శాతం, ఇంకో 5 లక్షలకు కొంచెం తక్కువ. కారు పార్కింగు, క్లబ్ హౌసు, కార్పస్ ఫండు. వుడ్‌వర్కు అనే అంతులేని కథ. లోనుకు ఇన్సూరెన్సు ఒకటి అంటగట్టి ఆ ప్రీమియాన్ని కూడా లోనులోనే కలుపుతారు, అంటే మీరు చచ్చిపోతారేమోనన్న భయానికి కూడా 20 ఏళ్ళు వడ్డీ. ఇల్లు పూర్తయ్యేదాకా ఇటు మియాపూర్ అద్దె, అటు బ్యాంకుకు వడ్డీ. అద్దె బదులు ఈఎంఐ అన్నారు కదా, ‘బదులు’ ఎక్కడికి పోయిందో!

నేను ఇల్లు కొనొద్దనడం లేదు. గోడకు మేకు కొట్టాలంటే ఓనరమ్మ పర్మిషన్ తీసుకున్న బతుకు నాదీను. రేపు ఇంటి రేటు పెరుగుతుందంటారా, పెరగొచ్చు. దీన్ని అమ్మేసి పక్కది కొందామంటే పక్కదీ పెరిగే ఉంటుంది. ఇరవై ఏళ్ళ తర్వాతి 43 వేలు ఇప్పటి 43 వేలంత బరువుండదు, జీతాలు పెరుగుతాయి. కొనమనేవాళ్ళ వాదనలో గట్టిగా నిలబడే మాట ఇదొక్కటే, ఒప్పుకుంటాను. ఆ మాటైనా మొత్తం అంకె బల్ల మీద పెట్టి చెప్పొచ్చు కదా? ఏడాదికి ఒక్క వాయిదా అదనంగా కడితే మూడేళ్ళకు పైగా ముందే అప్పు తీరుతుందని ఎవరూ చెప్పరేం? ఫ్లోటింగ్ గృహరుణాన్ని ముందే తీర్చేసే వ్యక్తుల మీద బ్యాంకులు జరిమానా వేయకూడదని 2012 నుంచే నియమం ఉంది. బ్రోషర్లో స్విమ్మింగ్ పూల్ మూడు పేజీలుంది, ఈ ముక్క మాత్రం లేదు.

మా బావమరిది ఆ సాయంత్రమే టోకెన్ కట్టేశాడు. మర్నాడు అష్టమట.

మీరింకా కట్టకపోతే ఓ మాట. 2024 అక్టోబరు 1 నుంచి ప్రతి గృహరుణానికీ ఒప్పందానికి ముందే ‘కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్’ ఇవ్వాలి. ఖర్చులన్నీ కలుపుకుని ఏడాదికి నిజంగా పడే శాతం ఎంతో, ఏ వాయిదాలో అసలెంత వడ్డీ ఎంతో అందులో ఉంటుంది. అప్పు తీసుకునేవాడికి అర్థమయ్యే భాషలో ఉండాలని రిజర్వ్ బ్యాంకు చెప్పింది. తెలుగులో ఇమ్మనండి. ఇచ్చాక మొదటి వరుస దగ్గర ఆగకుండా 240వ వరుస దాకా వేలు పెట్టి దిగండి. కింద మొత్తం వేసి ఉండకపోతే అక్కడే కూర్చుని వేయించుకోండి. కాఫీ ఎలాగూ ఇస్తారు.