గుర్రం గారి మనోభావాలు

మన దగ్గర మనోభావాలు మనుషులకే దెబ్బతింటాయి. బ్రిటన్‌లో గుర్రాలకూ దెబ్బతింటాయి. 2005లో ఆక్స్‌ఫర్డ్ విద్యార్థి ఒకడు గస్తీ తిరిగే పోలీసును ఆపి “మీ గుర్రం గే అని మీకు తెలుసా?” అన్నాడు. అంతే. పబ్లిక్ ఆర్డర్ చట్టం, ఐదో సెక్షన్, రాత్రంతా లాకప్. గుర్రం వాంగ్మూలం ఇవ్వలేదు కాబోలు, కేసు చివరికి వదిలేశారు. ఆ సెక్షన్‌లోంచి ‘అవమానకరం’ అన్న మాట పీకెయ్యడానికి 2013 దాకా పట్టింది. అదీ, తెర మీద నోరు మెదపని మిస్టర్ బీన్, అదే రోవన్ అట్కిన్సన్, నోరు విప్పి ప్రచారం చేశాక.

గుర్రాల మీద ప్రేమ మాత్రం తగ్గలేదు. 2023 మే 6న మూడో చార్లెస్ పట్టాభిషేకం. ఆ తెల్లవారుజామున సోహోలో, రాత్రిపూట ఆడవాళ్లు క్షేమంగా ఇల్లు చేరేలా చూసే వాలంటీర్లు ముగ్గురిని పట్టుకెళ్లారు. వాళ్ల దగ్గరున్నవి ఆపదలో మోగించుకునే అలారాలు. వాటితో ఊరేగింపును చెడగొడతారని, గుర్రాలు బెదురుతాయని అనుమానం! పొద్దునే రాచరికం వద్దనే రిపబ్లిక్ సంస్థ నాయకుడు గ్రాహం స్మిత్ వంతు. నిరసన సంగతి నెలల ముందే పోలీసులకు చెప్పుకున్న మనిషి. అయినా వ్యానులో ప్లకార్డులు కట్టిన పట్టీలు దొరికాయి. నాలుగు రోజుల కిందటే ఆమోదముద్ర పడిన కొత్త చట్టం ప్రకారం, తనను తాను దేనికైనా బిగించుకునే సరంజామాతో తిరగడం నేరం. సూట్‌కేసు కట్టుకునే పట్టీ ఆ లెక్కన మారణాయుధం. పదహారు గంటలు లోపలుంచి, తర్వాత తీరిగ్గా విచారం వెలిబుచ్చారు. ఊరేగింపు వెళ్లిపోయాక విచారానికి ఖర్చేముంది?

మరి మర్యాద సంగతి? ఏటా జూన్‌లో లండన్ వీధుల్లో జనం ఒంటి మీద నూలుపోగు లేకుండా సైకిళ్లు తొక్కుతారు, కార్ల పెత్తనానికి నిరసనగా. ఎవరినీ వేధించే ఉద్దేశం లేనంతవరకు ఇంగ్లండ్‌లో నగ్నత్వం దానంతటది నేరం కాదు. సంతోషం. మన దిగంబర కవులు పాపం ఒంటిమీద బట్టలుండగానే, వాళ్లలో ముగ్గురు 1971లో పి.డి. చట్టం కింద జైలు చూశారు.

లండన్‌లో చిక్కంతా బట్టలేసుకుని అట్టముక్క పట్టుకుంటేనే. 2025 ఆగస్టు 9న పార్లమెంటు స్క్వేర్‌లో 532 మందిని అరెస్టు చేశారు. నిషేధించిన పాలస్తీనా యాక్షన్ సంస్థకు మద్దతని అట్టల మీద రాసుకున్నందుకు, దాదాపు అందరినీ ఉగ్రవాద చట్టం కిందే. వాళ్లలో ఇంచుమించు సగం మంది అరవై దాటినవాళ్లు. వైమానిక స్థావరంలో దూరి విమానాలకు రంగు కొట్టిన ఆ సంస్థవాళ్ల మీద విధ్వంసం కేసు పెట్టండి, కాదన్నదెవరు? కుర్చీ వేసుకుని కూర్చున్న బామ్మ ఏ విమానం జోలికి పోయింది? ఆగస్టు 9 అంటే 1942లో గాంధీని అరెస్టు చేసిన రోజు. ఆయన విగ్రహం ఆ స్క్వేర్‌లోనే ఉంది, 2015లో వాళ్లే పెట్టారు. స్త్రీల ఓటు కోసం పోరాడిన మిలిసెంట్ ఫాసెట్ కూడా అక్కడే, నినాదం రాసిన గుడ్డ రెండు చేతులా పట్టుకుని. కంచు మనిషి కాబట్టి బతికిపోయింది.

ఇక నిర్వచనాల కళ. 2023లో హోంమంత్రి సుయెల్లా బ్రేవర్మన్ ‘తీవ్రమైన అంతరాయం’ అంటే ‘స్వల్పం కన్నా ఎక్కువ’ అని శాసించారు. ప్రభువుల సభ అంతకుముందే కాదన్న ముక్కను దొడ్డిదారిన తెచ్చారు. హైకోర్టు కొట్టేసింది. ఈలోగా ప్రభుత్వం మారింది, అప్పీలు మాత్రం మారలేదు. లేబర్ వాళ్లు దాన్ని భుజానేసుకుని 2025లో ఓడిపోయారు.

అంబులెన్సుకు అడ్డంపడే హక్కు ఎవరికీ లేదు. 2025 అక్టోబర్ 2న మాంచెస్టర్‌లో యూదుల ప్రార్థనామందిరంపై దాడి జరిగాక అక్కడివాళ్ల భయమూ నిజమే. హోంమంత్రి షబానా మహమూద్ మూడు రోజుల్లో ప్రకటించిన మందు ఏమిటంటే, పదేపదే జరిగే నిరసనల మొత్తం ప్రభావాన్ని లెక్కగట్టి ఆంక్షలు పెట్టే అధికారం పోలీసులకు. కారుతో, కత్తితో వచ్చినవాడు ఏ ఊరేగింపులోనూ నడిచి రాలేదు. కానీ ఒకసారి అరిస్తే హక్కు, వినలేదని మళ్లీ అరిస్తే ఉపద్రవం. ఫాసెట్ సహచరులు స్త్రీల ఓటు కోసం పార్లమెంటుకు అర్జీ పెట్టింది 1866లో, మగవాళ్లతో సమానంగా ఓటొచ్చింది 1928లో. అరవై రెండేళ్లు, అదే ఊరు, అదే గోల. మొత్తం ప్రభావం లెక్కేస్తే ఆవిడ విగ్రహానికి ఈపాటికి నోటీసు అంటించి ఉండాలి.